సాంబమూర్తి కట్టిన బస్టాండు

సాంబమూర్తి ముప్పై ఒక్క సినిమాలకు కోటలూ రాజభవనాలూ స్వర్గాలూ పాతాళాలూ కట్టాడు. ముప్పై ఒక్కటీ తన చేతులతోనే కూలగొట్టాడు. తొంభై ఏళ్ల మనిషికి షుగరు లేదు, బీపీ లేదు, మోకాళ్ల నొప్పి కూడా వానాకాలంలోనే. ఉన్నదల్లా ఈ ఒక్క బాధే.

కూలగొట్టడమేమిటంటారా? ఆ రోజుల్లో మద్రాసు స్టూడియోలో ఆఖరి షాటు అవుతోందంటే చాలు, పక్క కంపెనీ వాళ్లు సామాన్లతో గుమ్మంలో నిలబడి ఉండేవాళ్లు. వెంటనే సెట్టు తీసెయ్యాలి. తీసే ముందు ఓ ఆచారం ఉండేది. కట్టించిన కళాదర్శకుడే సెట్టుకు దండం పెట్టి మొదటి దెబ్బ వెయ్యాలి. ఆ తర్వాతే వడ్రంగులు చెయ్యి పెట్టేవాళ్లు. ఆ దెబ్బ ఇంకెవడైనా వేస్తే సినిమా ఆడదని నమ్మకం. సాంబమూర్తి స్వయంగా వేసినవి కూడా సగం ఆడలేదు, అది వేరే సంగతి.

వరంగల్ కొత్తవాడలో జంపఖానాలు నేసే ఇంట్లో పుట్టినవాడాయన. జంపఖానాల మీదికి నెమళ్లు గీసి, నాటకాల వాళ్లకు పరదాలు రాసి, ఇరవయ్యో ఏట మద్రాసు రైలెక్కాడు. అక్కడ మూడేళ్లపాటు ఆకాశం తప్ప ఇంకో పని ఇవ్వలేదు. తెరగుడ్డ మీద ఆకాశం రాయడమన్నమాట. పొద్దుటి ఆకాశం, సాయంత్రపు ఆకాశం, విరహానికొకటి, యుద్ధానికొకటి. నాలుగో ఏడు కొండలిచ్చారు. అలా మెల్లగా కిందికి దిగి నేల మీదికి వచ్చేసరికి కళాదర్శకుడయ్యాడు. ఇంద్రసభకు దూదితో మబ్బులు చేస్తే స్టూడియో కాకులు గూళ్లకు మోసుకుపోయాయి. ఓ మహారాజు డైలాగు మరిచిపోయి స్తంభానికి చేరగిలబడితే, స్తంభంతో సహా వెళ్లి అంతఃపురంలో పడ్డాడు. నిర్మాత మహారాజును పల్లెత్తు మాట అనకుండా సాంబమూర్తిని తిట్టాడు.

తర్వాత సినిమావాళ్లకు నిజం బంగళాలే అద్దెకు దొరకడం మొదలైంది. సాంబమూర్తి పెట్టె సర్దుకుని వరంగల్ వచ్చేశాడు. ఇక్కడ పెళ్లి పందిళ్లు, వినాయకుడి మండపాలు వేశాడు. వాటినీ మూడో రోజో తొమ్మిదో రోజో పీకెయ్యాల్సిందే కదా. ఆయన పనిచేసిన సినిమాల్లో ఇంటర్నెట్టులో మిగిలింది ఒక్కటే. అందులో ఆయన పేరు పడే చోట, ఆ సినిమా పెట్టిన ఛానెల్ వాళ్ల గుర్తు, ఓ ఆకుపచ్చ చిలక, కూర్చుని ఉంటుంది. మనవరాలు విజయశ్రీ ఫోనును అటు తిప్పింది, ఇటు తిప్పింది. చిలక జరగలేదు.

"ఒక్కటన్న మిగలాలె బిడ్డా," అనేవాడు సాంబమూర్తి. "నేను పోయినంక గూడ నిలబడేటిది. పెద్దదేం గాదు, ఒక్క కమాను చాలు."

"మన ఇల్లు లేదా తాతా?" అనేది విజయశ్రీ. ఆమె సర్కారు బడిలో లెక్కల టీచరు, తాతను కనిపెట్టుకుని ఉన్నది ఆమే.

"ఇల్లు మేస్త్రి కట్టిండు. నేను రంగులేసిన, గంతే."

అదీ ముందు గోడకే. వెనక గోడకు నలభై ఏళ్లుగా గిలాబు లేదు, ఉత్త ఇటుకలే. భార్య లచ్చవ్వ బతికున్నన్ని రోజులూ దాని గురించి పోరింది. వెనకకెల్లి ఎవలు చూస్తరే అని ఆయన అడిగేవాడు. కెమెరా చూడని వైపు కట్టడం ఆయన చేతులకు తెలియదు.

అలాంటి ఇంటికి పోయిన చలికాలంలో తౌసీఫ్ వచ్చాడు. హనుమకొండ కుర్రాడు, ముప్పై ఏళ్లుంటాయి, ఇప్పటి సినిమాలకు కళాదర్శకుడు. ఖిలా వరంగల్ దాటాక రోడ్డు పక్కన యాభై ఏడో సంవత్సరం నాటి బస్టాండు కావాలట. పెద్దాయన్ను ఒక మాట అడిగి పోదామని వచ్చాడు.

"మొత్తం పచ్చ గుడ్డ కట్టి, బస్టాండును తర్వాత కంప్యూటర్ల వేద్దామనుకుంటున్నం సార్."

"హీరోయిన్ ఏడ్చే సీనుందా?"

"ఉంది సార్."

"మరి ఆ పిల్ల దేన్ని ఆనుకోని ఏడ్వాలె? గుడ్డనా?"

తౌసీఫ్ పచ్చ గుడ్డ ఆలోచన అక్కడికక్కడే మానుకున్నాడు. మర్నాటి నుంచి పని సాంబమూర్తిది. సర్వి కర్రలు పాతించాడు, ప్లైవుడ్డు కొట్టించాడు, గోనెపట్టా మీద ప్లాస్టర్ ఆఫ్ ప్యారిస్ పోయించి రెండు స్తంభాలు, ఒక కమాను, టికెట్ల కిటికీ, పైన పెంకుల వరస లేపాడు. నెత్తిన ఒక గడియారం, అది రంగుతో వేసిందే. మొత్తంలో నిజమైనది బెంచీ ఒక్కటే, టేకుది. మనుషులు కూర్చునే వస్తువు మాత్రం నిజంగా ఉండాలన్నది ఆయన పద్ధతి. వెనకవైపు యథాప్రకారం ఏమీ లేదు. కర్రలు, వాటిని పట్టుకుని కొబ్బరి తాళ్లు.

కట్టడానికి ఏడు రోజులైతే, దాన్ని పాతదిగా చెయ్యడానికి ఐదు రోజులు పట్టింది. అసలు విద్య అక్కడుంది. తౌసీఫ్ తెచ్చిన పనివాళ్లను సాంబమూర్తి వరసగా బెంచీ మీద కూర్చోబెట్టి, తలలు గోడకు ఎక్కడ తగులుతాయో చాక్‌పీసుతో గుర్తు పెట్టాడు. ఆ గుర్తుల మీద కొబ్బరినూనె, దీపం మసి కలిపి గుడ్డతో రుద్దాడు. పొట్టివాళ్ల మచ్చలు, పొడుగువాళ్ల మచ్చలు, కొప్పున్నవాళ్ల మచ్చలు. మూల మీద కాచు నీళ్లతో పాన్ మరకలు చిమ్మాడు. పెంకులకు మజ్జిగా పచ్చరంగూ కలిపి పాచి పట్టించాడు. మూటలు దించేచోట గోడను ఇటుక ముక్కతో గీకాడు. ఐదో రోజు సాయంత్రానికి ఆ బస్టాండు డెబ్బై ఏళ్లది అయిపోయింది.

షూటింగు రెండు రోజులే. హీరోయిన్ స్తంభం ఆనుకుని ఏడ్చింది, స్తంభం ఆగింది. కంపెనీ హైదరాబాద్ పోయింది. సోమవారం పొద్దున సాంబమూర్తి సుత్తి తీసుకుని, మనవరాలి స్కూటీ వెనక కూర్చుని, మొదటి దెబ్బ వెయ్యడానికి బయల్దేరాడు. వెయ్యాలని లేదు, వెయ్యక తప్పదు.

తీరా వెళ్లి చూస్తే బస్టాండులో పదకొండు మంది ఆడవాళ్లు కూర్చుని ఉన్నారు.

వాళ్లంతా ఎనుమాముల మార్కెట్లో మిరపకాయల తొడిమలు తీసే పనికి పోయేవాళ్లు. ఇన్నాళ్లూ రెండు కిలోమీటర్లు నడిచి చౌరస్తాలో బస్సెక్కుతున్నారు. ఎవరూ ఏమీ అడగలేదు, బస్టాండు కనపడింది, వచ్చి కూర్చున్నారు. అంతలో బస్సు వచ్చింది, ఆగింది కూడా. డ్రైవరు కట్టయ్య స్టీరింగు వదిలి కిందికి దిగాడు. కమానును చూశాడు, పాచిని చూశాడు, జిడ్డు మచ్చల్ని చూశాడు. కళ్లు నులుముకున్నాడు.

"ఆరేండ్ల సంది ఇదే రూట్ల తిరుగుతాన. ఇక్కడ బస్టాండున్నట్టు ఒక్కనాడు చూడలే," అన్నాడు గొంతు తగ్గించి. "కండ్లు జర మసకైనయ్. ఆపుతలేనని ఎవలన్న కంప్లైంట్ ఇచ్చిన్రా?"

"ఇయ్యలేదు తియ్యి. ఇగ నుంచి ఆపు," అంది సమ్మమ్మ. ఆ గుంపుకు పెద్ద ఆమే, పెద్ద గొంతూ ఆమెదే.

సాంబమూర్తి ముందుకు వచ్చాడు. "అమ్మా, ఇది బస్టాండు గాదు. సినిమా కోసం పోయిన నెల నేను కట్టిన."

సమ్మమ్మ ఆయన్ని కింది నుంచి పైదాకా చూసింది. "పోయిన నెల కట్టినదానికి గింత జిడ్డెట్లుంటది తాతా? నేను పెండ్లయి అచ్చిననాడు ఇక్కడనే దిగిన." వెనక్కి తిరిగి గోడ మీద ఓ మచ్చను చేత్తో తడిమింది. "ఇగో, గిది మా అత్త తలకాయది. గిట్లనే ఆనుకోని కూసునేది, పాపం."

ముప్పై ఒక్క సినిమాల్లో ఎవరూ సాంబమూర్తిని అంతగా మెచ్చుకోలేదు. అంతగా అవమానించిందీ లేదు. ఆయనకు మాత్రం సంతోషమే అయింది, నిజం దాచేదేముంది. మెల్లగా సుత్తిని స్కూటీ డిక్కీలో పెట్టేశాడు.

"కూలగొట్టవా తాతా?" అంది విజయశ్రీ.

"రేపు చూద్దాం."

ఆ రేపు మూడు వారాలు సాగింది. తౌసీఫ్ రోజు విడిచి రోజు ఫోను చేసేవాడు. "సార్, పర్మిషన్ అయిపోయింది, తీసెయ్యున్రి." "తీస్తాన, తీస్తాన" అని ఈయన. పొద్దున్నే వచ్చి బెంచీ చివర కూర్చోవడం, జనం మాటలు వినడం. ఒకాయన తనకు ఉద్యోగం వచ్చిన కాగితం ఇక్కడే అందుకున్నానన్నాడు. ఇంకొకాయన ఆ కమాను తమ తాత కట్టిందేనని ఒట్టేశాడు. దానికి మాత్రం సాంబమూర్తికి కొంచెం కోపం వచ్చింది. అయినా మింగుకున్నాడు. సెట్టు నిలబడి ఉంది, ఇంకేం కావాలి?

ఇలాగే నడిచిపోయేదేమో, కానీ గడియారం ఆగిపోయిందని జనం గమనించారు. బొమ్మ గడియారం నడవదు కదా. బాగు చేయించండని పదిమంది సంతకాలు పెట్టి, మాజీ వార్డు మెంబరు సదానందానికి కాగితం ఇచ్చారు. మాజీ అయ్యాక సదానందానికి ఎవరూ కాగితం ఇచ్చిన పాపాన పోలేదు. పొంగిపోయాడు. ఆ సాయంత్రమే 'మన బస్టాండు – మన సదానందం' అని తన ఫొటోతో బ్యానరు కట్టించాడు. ఫొటో కమానుకంటే పెద్దది. గడియారం సంగతి వదిలేసి, ప్రయాణికుల దాహం తీరుస్తానని మైకులో చెప్పాడు. బస్టాండు మీద వెయ్యి లీటర్ల నల్ల ట్యాంకు పెడతాడట.

శుక్రవారం పొద్దున సాంబమూర్తి మనవరాలి స్కూటీ మీద వచ్చేసరికి ట్రాక్టరు ఆగి ఉంది. దాని మీద ట్యాంకు. నలుగురు మనుషులు నిచ్చెన వేస్తున్నారు. ఇంకో ట్రాలీలో నీళ్ల డ్రమ్ములు. కింద బెంచీ మీద సమ్మమ్మ, ఆమె వాళ్లంతా.

పైన ఉన్నది ప్లైవుడ్డు, గోనెపట్టా. కాకి వాలితే ఆగుతుంది, పిల్లి అయితే అనుమానం. వెయ్యి లీటర్ల నీళ్లంటే టన్ను బరువు.

"సదానందం, ఆపు నాయనా! పైన ఏం లేదు, ఉత్త అట్టముక్కలు. ట్యాంకు పెడితె వీళ్ల మీద పడ్తది."

"ఫికర్ చేయకు బాపూ. పాత కట్టడం, పక్కాగుంటది."

సాంబమూర్తి స్తంభం మీద వేళ్లతో కొట్టి చూపించాడు. డబ్బాలా మోగింది.

"పాతబడ్డది గదా, లోపల గుల్లయింది," అంది సమ్మమ్మ. అందరూ తలలూపారు.

చేసేది లేక సదానందం చెయ్యి పట్టుకుని వెనక్కి లాక్కుపోయాడు. జీవితంలో మొదటిసారి ఒకడికి తన సెట్టు వెనకవైపు తానే చూపించాడు. వంటి మీద బట్ట తీసి నిలబడ్డంత సిగ్గేసింది. సదానందం కర్రల్ని చూశాడు, తాళ్లను చూశాడు, కనుబొమ్మలు ముడిచాడు.

"ఓహో! రిపేరు కోసం కర్రలు ఊతం పెట్టిన్రన్నమాట. నాకు తెల్వకుండ ఎవలు మంజూరు చేయించిన్రు? ఆ రెండో వార్డాయననా?" అని మరింత పట్టుదలతో ముందుకు పోయి, "ఎక్కించున్రిరా!" అని అరిచాడు.

ఇక నిజం చెప్పి లాభం లేదని సాంబమూర్తికి అర్థమైంది. ఇన్నేళ్లు ఈ వృత్తిలో ఉండి ఆమాత్రం ముందే తెలియకపోవడం తన తప్పే. రోడ్డు మధ్యకు వచ్చి, అరవై ఏళ్ల కిందట స్టూడియోలో వాడిన గొంతు తీశాడు.

"షూటింగ్! షూటింగ్! ఇంకొక షాటు బాకీ ఉంది! కెమెరా ఆ చెట్ల సందుల దాచిపెట్టిన్రు. సినిమాల పడేటోళ్లు రోడ్డుకు అటుపక్క పోయి నిలబడున్రి! ఇటుపక్క ఉన్నోళ్లు పడరు!"

బెంచీ రెండు క్షణాల్లో ఖాళీ అయింది. నిచ్చెన మీది మనుషులు మెట్లు తొక్కకుండానే కిందికి దిగారు. ట్రాక్టరు డ్రైవరు ట్రాక్టరుతో సహా అటు పోయాడు. సమ్మమ్మ కొంగు సర్దుకుంది, ఇంకొకామె తొడిమల గంప దాచింది. అందరికంటే ముందు వరసలో సదానందం, జేబు దువ్వెనతో మీసం దువ్వుతున్నాడు.

సాంబమూర్తి డిక్కీలోంచి సుత్తి తీశాడు. విజయశ్రీకి విషయం అర్థమై, తాత మోచెయ్యి పట్టుకుని వెనకవైపుకు నడిపించింది. అక్కడ, నడిమి కర్ర దగ్గర, ఒక్క మేకు, ఒక్క ముడి. సెట్టు మొత్తానికి ప్రాణం అదే. అది కట్టినవాడికే తెలుస్తుంది.

ఆయన దండం పెట్టాడు. చేతులు దించబుద్ధి కాలేదు. ముప్పై ఒక్కటి కూలగొట్టినప్పుడు తర్వాతి దాని బొమ్మ బుర్రలో ఉండేది. దీని తర్వాత ఏమీ లేదు. ఈ ఒక్కటీ ఉండిపోతే బాగుండునని చిన్నపిల్లాడిలా ఏడుపొచ్చింది. అటు చూస్తే రోడ్డవతల సమ్మమ్మ, కెమెరా ఎక్కడుందోనని మెడ చాచి వెతుకుతోంది.

"కొట్టు తాతా," అంది విజయశ్రీ.

కొట్టాడు. మేకు ఊడింది, ముడి జారింది, విజయశ్రీ తాతను పక్కకు లాగింది. పెంకులు, గడియారం, కమాను, సదానందం బ్యానరు ఒకదాని వెంట ఒకటి వెనక్కి వాలి పడ్డాయి. తెల్లటి దుమ్ము లేచింది. అంతా కలిపి నాలుగు క్షణాలు పట్టిందేమో. బెంచీ ఒక్కటీ ముందర నిలబడి ఉంది.

రోడ్డవతల ఎవరూ కదల్లేదు. "షాటు అచ్చిందా?" అన్నాడు సదానందం, పెదవులు కదలకుండా.

సమ్మమ్మే మొదట రోడ్డు దాటి వచ్చింది. జిడ్డు మచ్చ ఉన్న ముక్కను వెతికి ఎత్తింది. చేతిలో అప్పడంలా తేలిపోయింది. తిప్పి చూస్తే గోనెపట్టా. దాన్నీ, ముసలాయన్నీ మార్చి మార్చి చూసింది.

"గిదంత నువ్వే చేసినవా తాతా?"

"నేనే బిడ్డా."

"మా అత్త తలకాయ ఎత్తు నీకెట్ల తెలిసె?"

సమ్మమ్మ ఆ ముక్కను అక్కడే మెల్లగా కింద పెట్టింది. "మంచిగున్నదాన్ని కూలగొట్టినవ్," అని మాత్రం అని, గుంపును వెంటేసుకుని చౌరస్తా వైపు నడిచిపోయింది. ఆ మాట సాంబమూర్తికి బాగా తగిలింది.

ఆ సాయంత్రమే తౌసీఫ్ మనుషులు లారీ తెచ్చి అంతా ఊడ్చుకుపోయారు, బెంచీతో సహా. సాంబమూర్తి పది రోజులు గడప దాటలేదు. అన్నం సగం తినేవాడు, టీవీ వైపు వీపు పెట్టి కూర్చునేవాడు. పదకొండో రోజు విజయశ్రీ బడికి సెలవు పెట్టి, తాతను బలవంతంగా స్కూటీ ఎక్కించింది. ఎక్కడికో చెప్పలేదు.

అక్కడ ఖాళీ నేల. పాతిన కర్రల గుంతలు కూడా పూడిపోయాయి. ఆ ఖాళీ నేల మీద పదకొండు మంది ఆడవాళ్లు వరసగా నిలబడి ఉన్నారు. మధ్యలో రెండుచోట్ల, స్తంభాలు ఉండాల్సినంత జాగా వదిలారు. పన్నెండో ఆమె ఆలస్యంగా ఉరుకుతూ వచ్చి, అడ్డంగా రాకుండా, కమాను ఉన్న చోటు దాకా చుట్టు తిరిగి లోపలికి వచ్చింది. సమ్మమ్మ సాంబమూర్తిని చూసింది, ముఖం అటు తిప్పుకుంది, మళ్లీ ఇటు తిప్పి కొంచెం నవ్వింది.

బస్సు వచ్చింది. కట్టయ్య గీత గీసినట్టు అక్కడే ఆపాడు. కండక్టరు ఫుట్‌బోర్డు మీంచి వంగి గట్టిగా అరిచింది.

"సెట్టింగ్! సెట్టింగ్ స్టాప్! సెట్టింగ్ కాడ దిగేటోళ్లు జల్ది దిగున్రి!"

సాంబమూర్తి గబగబా స్కూటీ దిగాడు. ఒక కుర్రాడు సంచీతో దిగి, "సెట్టింగ్ కాడ ఉన్న, బండి తీసుకరా," అని ఫోనులో చెబుతున్నాడు. ముసలాయన అతని చెయ్యి పట్టుకున్నాడు.

"ఇక్కడేముందని బిడ్డా, సెట్టింగ్ అంటాన్రు?"

కుర్రాడు చుట్టూ ఉన్న ఖాళీ నేలను చూసి భుజాలు ఎగరేశాడు. "ఏమో తాతా. మా చిన్నప్పటి సంది గిదే పేరు."

విజయశ్రీ ఏదో చెప్పబోయింది. సాంబమూర్తి చేత్తో ఆమెను ఆపాడు. ఆయన కళ్ల నిండా నీళ్లు, ముఖం నిండా నవ్వు.

"అవును బిడ్డా," అన్నాడు ఆ కుర్రాడితో. "నాకు గూడ యాదికుంది."